మా తమ్ముడికి పట్టుదల లేదా?

ప్రశ్న:

అమ్మా, నాకు 29 ఏళ్ళు. హైదరాబాద్‌లో ప్రైవేటు ఉద్యోగం. పెళ్ళయి రెండేళ్ళయింది. మాది పల్నాడు జిల్లాలో ఒక పల్లె. సొంత పొలం లేదు, నాన్న కౌలుకు చేస్తాడు. ఐదో తరగతిలో నాకు గురుకులంలో సీటొచ్చింది, ఇంటర్ దాకా అక్కడే చదివాను. తమ్ముడు నాకంటే నాలుగేళ్ళు చిన్న. వాడూ రెండుసార్లు పరీక్ష రాశాడు కానీ సీటు రాలేదు. ఇంటి దగ్గరే ఉండి చదివాడు. డిగ్రీ మధ్యలో ఆపేసి 2021లో నాన్నతో కలిసి రెండెకరాలు కౌలుకు తీసుకుని మిర్చి వేశాడు. తామర పురుగు వచ్చి పంటంతా పోయింది. అప్పటి నుంచి వాడు మంచం దిగడు. ఎవరితోనూ మాట్లాడడు. ఊళ్ళో ఎవరి మోటారు స్టార్టరు చెడిపోయినా పిలిస్తే వెళ్ళి బాగుచేసి వస్తాడు, డబ్బులు మాత్రం తీసుకోడు. నాన్న రోజూ తిడతాడు.

అప్పు ఆరు లక్షలు. ఊళ్ళో ఒకాయనకి మూడు లక్షలు, మిర్చి కమీషన్ ఏజెంటుకి రెండు లక్షలు, రెండూ నూటికి రెండు రూపాయల వడ్డీ. ఇంకో లక్ష మూడు రూపాయల వడ్డీకి తెచ్చారు. నేను మూడున్నరేళ్ళుగా నెలకు 12,000 పంపుతున్నాను. ఒకే ఇంట్లో పుట్టాం, ఒకే కష్టాలు పడ్డాం. నేను నిలబడ్డాను, వాడెందుకు నిలబడలేడు? 'నీకున్న పట్టుదలలో పావు వంతు లేదు వాడికి' అని చుట్టాలంటారు. ఇక్కడ ఒక వ్యక్తిత్వ వికాసం కోర్సు ఉంది, ఫీజు 25,000. అందులో చేర్పిస్తే ధైర్యం వస్తుందంటారా? మొన్న ఫోన్లో 'నేను లేకపోతే మీకో ఖర్చు తగ్గుతుంది కదక్కా' అన్నాడు. పిచ్చి వాగుడు వాగకని తిట్టి పెట్టేశాను. నాకూ ఈ మధ్య బీపీ వచ్చింది. ఏం చేయాలో చెప్పండి.

ఒక అక్క, హైదరాబాద్

సమాధానం:

తల్లీ, నా కూతురి వయసుదానివి, నువ్వు అనే అంటాను. ఉత్తరం చివర్లో నువ్వు రెండు ముక్కల్లో రాసేసిన విషయం ముందు చూద్దాం. 'నేను లేకపోతే మీకో ఖర్చు తగ్గుతుంది' అన్నాడు తమ్ముడు. నువ్వు భయపడే తిట్టావని నాకు తెలుసు. కానీ ఆ మాటను అక్కడితో వదిలేయకూడదు. నేను రాసిన మిగతాదంతా తర్వాత చదువుకోవచ్చు, ముందు వాడికి ఫోన్ చెయ్యి. డొంకతిరుగుడు లేకుండా అడుగు: 'ఆ రోజు నువ్వలా అన్నావు, నేను సరిగా వినలేదు. చచ్చిపోవాలని అనిపిస్తోందారా?' అలా అడిగితే లేని ఆలోచన పుట్టిస్తామేమో అని చాలామంది జంకుతారు. అడగడం వల్ల ఆ ఆలోచన పుట్టదు. అడిగే మనిషి ఉన్నారని తెలిస్తే లోపల గూడు కట్టుకున్నది కాస్త బయటికొస్తుంది. వాడు అవునన్నా, ఏడ్చినా, మాట దాటేసినా నువ్వు కంగారుపడొద్దు. ఒట్టు వేయించుకోవద్దు. 'అమ్మానాన్నల మొహం చూసైనా' అనొద్దు. విను, అంతే. ఆ రాత్రి వాణ్ణి ఒంటరిగా ఉంచొద్దని అమ్మకి చెప్పు. ఇప్పటికిప్పుడు ప్రమాదం ఉందనిపిస్తే ఆలోచించకుండా దగ్గర్లోని ఆసుపత్రికి తీసుకెళ్ళాలి.

14416 అని ఒక నంబరుంది. టెలి మానస్ అంటారు, కేంద్ర ప్రభుత్వం 2022 అక్టోబరులో మొదలుపెట్టింది. రాత్రీ పగలూ పనిచేస్తుంది, డబ్బులు అక్కర్లేదు, తెలుగులో మాట్లాడతారు. వాడు చేయనంటే నువ్వే చేసి, వాడితో ఎలా మాట్లాడాలో అడుగు. అందుకూ ఆ నంబరే.

ఇంకో పని. మీది సేద్యం చేసే ఇల్లు, పొలం మందులు ఉండే ఉంటాయి. ఇవాళే వాటిని ఇంట్లోంచి తీసేసి, వాడికి తెలియని చోట తాళం వేసి పెట్టమని నాన్నకి చెప్పు. ఇదేదో చిన్న జాగ్రత్తలే అనుకోకు. శ్రీలంకలో 1995 నుంచి బాగా విషమున్న పురుగుమందులను ఒకటొకటిగా నిషేధించుకుంటూ వచ్చారు. తర్వాతి ఇరవై ఏళ్ళలో అక్కడ ఆత్మహత్యల రేటు 70 శాతం దాకా తగ్గింది. ఆ ఇరవై ఏళ్ళలో అక్కడి జనానికి కష్టాలేమీ తీరిపోలేదు, యుద్ధమూ నడిచింది, సునామీ కూడా వచ్చింది. ప్రాణం మీదికొచ్చిన ఆ కాసేపు చేతికి విషం అందలేదు, మనిషి బతికి బయటపడ్డాడు. ఆ కాసేపు గడిస్తే మనసు మారడానికి వీలుంటుంది.

ఇక నీ ప్రశ్న.

నీ ఉత్తరం మూడుసార్లు చదివాను. తమ్ముడికి పట్టుదల లేదని రాసిన దాంట్లోనే, 21 ఏళ్ళకి రెండెకరాలు కౌలుకు తీసుకుని మిర్చి వేశాడని కూడా రాశావు. మిర్చి ఎలాంటి పంటో పల్నాడు పిల్లవి, నీకు నేను చెప్పక్కర్లేదు. కౌలు ముందే కట్టాలి. నారు, కలుపు, మందులు, నీళ్ళు, కోత కూలీ, అన్నీ అప్పు మీదే నడుస్తాయి. కాయ ఎర్రబడి, కల్లంలో ఎండి, గుంటూరు యార్డుకి చేరేదాకా రైతు చేతికి రూపాయి రాదు. ఆ జూదం తెలిసీ అందులోకి దిగినవాడికి ధైర్యం లేదని ఎలా అంటాం? 2021లో వచ్చింది మామూలు పురుగు కాదు. ఆ నల్ల తామర పురుగు పువ్వులోనే దూరి కూర్చుంది, ఏ మందు కొట్టినా లొంగలేదు. గుంటూరు నుంచి ఖమ్మం, వరంగల్ దాకా తోటలు పోయాయి. పూత మాడిపోయిన తోటను రైతులే దున్నేసుకున్నారు. నలభై ఏళ్ళ అనుభవమున్న రైతులు కూడా చేతులెత్తేసిన ఏడాది అది. మీ తమ్ముడికి అది మొదటి పంట.

మీ ఇంటి కథని చుట్టాలు 'అక్క కష్టపడింది, తమ్ముడు పడుకున్నాడు' అని చెప్పుకుంటున్నారు. నాకు ఇంకోలా కనిపిస్తోంది. తమ్ముడు ఒక్కసారి నిలబడ్డాడు, పెద్ద దెబ్బ తగిలింది, పడ్డాడు. పడ్డవాడి కింద నేల లేదు. నీకు ఉంది.

ఈ మాట నొప్పి కలిగిస్తుందేమో, ఓపిగ్గా విను. నీ కష్టాన్ని నేను తక్కువ చేయడం లేదు. నేను 31 ఏళ్ళు టీచరుగా చేశాను, అందులో తొమ్మిదేళ్ళు ఒక బాలికల గురుకులంలో. సంక్రాంతి సెలవులయ్యాక పిల్లలు ట్రంకు పెట్టెలు మోసుకుంటూ తిరిగొచ్చే రోజు నాకింకా కళ్ళకు కట్టినట్టుంటుంది. మొదటి నాలుగైదు రోజులు సాయంత్రం స్టడీ అవర్లో సగంమంది పుస్తకం మీదే తల వాల్చి నిద్రపోయేవారు. కొత్తలో వేళ్ళ మీద కొట్టి లేపేదాన్ని. ఓ ముసలావిడ, మా వంటమనిషి, ఒకరోజు నా చెయ్యి పట్టుకుని ఆపింది. 'ఇళ్ళ దగ్గర నిద్రలుండవమ్మా ఈ పిల్లలకి, పడుకోనీండి' అంది. తర్వాత ఒక్కొక్కరినీ అడిగాను. ఒకమ్మాయి వాళ్ళ నాన్న రాత్రిళ్ళు తాగొచ్చి గొడవ చేస్తాడు. ఇంకో అమ్మాయి ఇంటికి వడ్డీ వాళ్ళు తెల్లవారకముందే వచ్చి అరుగు మీద కూర్చుంటారు, ఆ అలికిడికే మెలకువ వచ్చేస్తుంది. వారం గడిచేసరికి అందరి కళ్ళూ తేటపడేవి, అన్నం రెండోసారి పెట్టించుకునేవారు, లెక్కలు మళ్ళీ వచ్చేవి. పిల్లలు మారలేదు. గంట కొడితే అన్నం, తొమ్మిదిన్నరకి లైట్లు ఆర్పేస్తే నిద్ర, గేటు బయటే ఆగిపోయిన అప్పులవాళ్ళు, మారింది అవి.

1971లో నల్గొండ జిల్లా సర్వేల్‌లో మొదటి గురుకులం పెట్టినప్పటి నుంచి ఆ బడులు చేస్తున్న పని ఇదే అని నాకనిపిస్తుంది. మార్కులు, ర్యాంకులు అందరికీ కనిపిస్తాయి, ఆ నిద్ర కనిపించదు. నువ్వు పదేళ్ళ వయసు నుంచి పదిహేడేళ్ళ దాకా ఏడేళ్ళు అలా పడుకున్నావు. నీ తమ్ముడు ఆ ఏడేళ్ళూ అలాంటి అరుగు చప్పుడుకే లేచి ఉంటాడు. కాబట్టి మీరిద్దరూ పుట్టింది ఒకే ఇంట్లోనే అయినా పెరిగింది ఒకేచోట కాదు.

నేను చేసిన తప్పొకటి చెప్పాలి నీకు. గురుకులానికి వెళ్ళకముందు ఒక ఊరి హైస్కూల్లో పనిచేసేటప్పుడు ఎనిమిదో తరగతి పిల్లాడొకడు రోజూ ఇరవై నిమిషాలు ఆలస్యంగా వచ్చేవాడు. ఇల్లు చూస్తే బడికి నాలుగిళ్ళ అవతలే. బద్ధకం అని తరగతిలో అందరి ముందూ అన్నాను, బయట నిలబెట్టాను, ఒకసారి కాదు, ఒక సంవత్సరమంతా. వాడు చెరువు కట్ట మీదుగా ఊరంతా చుట్టి వచ్చేవాడని చాలా తర్వాత తెలిసింది. తిన్నగా వస్తే దారిలో వాళ్ళ నాన్న అప్పున్న కొట్టు ఉంది. కొట్టాయన రోజూ పిల్లాణ్ణి ఆపి 'మీ నాన్న ఎక్కడరా' అని అడిగేవాడు. వాడు తొమ్మిదో తరగతికి రాలేదు. బద్ధకం అన్న మాట వాడుతున్నప్పుడల్లా నాకు ఆ చెరువు కట్ట గుర్తొస్తుంది. మీ తమ్ముడి విషయంలో ఆ మాట వాడకండి, ఇంట్లో ఎవరినీ వాడనివ్వకండి.

బుర్ర పనిచేయకపోవడం గురించి కూడా చెప్పాలి. 'ఏదైనా అడిగితే తెలివిగా సమాధానం కూడా చెప్పలేడు' అని నాన్న అంటుంటాడేమో, చాలా ఇళ్ళల్లో వినే మాటే. తమిళనాడులో విల్లుపురం, తిరువణ్ణామలై ప్రాంతాల్లో 464 మంది చెరకు రైతుల మీద జరిగిన ఒక పరిశోధన 2013లో అచ్చయింది. చెరకు డబ్బు ఏడాదికొక్కసారే వస్తుంది. కోతకు ముందు చేతులు ఖాళీ, నగలు తాకట్టులో ఉంటాయి. కోత తర్వాత నాలుగు రూపాయలు ఆడతాయి. ఒకే రైతుకి ఈ రెండు సమయాల్లోనూ ఒకే తరహా తెలివితేటల పరీక్ష పెట్టారు. కోత తర్వాత అదే మనిషి ఎంతో బాగా చేశాడు. రెండు మూడు నెలల్లో ఎవరికీ తెలివి పెరగదు కదా. డబ్బు గురించిన టెన్షన్ బుర్రలో అంత చోటు ఆక్రమించుకుని కూర్చుంటుంది. మిగిలిన కొద్ది చోటులోనే మనిషి ఆలోచించాలి, నిర్ణయాలు తీసుకోవాలి, కోపం ఆపుకోవాలి. మీ తమ్ముడికి నాలుగేళ్ళుగా కోత అయిన రోజు రాలేదు. మీ నాన్నకి ఎన్నేళ్ళయిందో నాకు తెలియదు. ఆయన రోజూ తిట్టడం వెనక ఉన్నదీ అదే అనుకుంటాను.

అయితే కష్టాల్లో పెరిగిన పిల్లలందరూ ఇలాగే అయిపోతారా? లేదు. దీని గురించి నాకు బాగా నచ్చిన అధ్యయనం ఒకటుంది. హవాయి దీవుల్లో కవాయి అనే చిన్న దీవి. చెరకు, అనాస తోటల్లో పనికోసం జపాన్ నుంచీ ఫిలిప్పీన్స్ నుంచీ వచ్చిన కూలీల కుటుంబాలు ఎక్కువ. 1955లో అక్కడ పుట్టిన 698 మంది పిల్లల్ని ఎమ్మీ వెర్నర్, రూత్ స్మిత్ అనే ఇద్దరు పరిశోధకులు, వాళ్ళ బృందం, నలభయ్యేళ్ళు వచ్చేదాకా గమనిస్తూ వచ్చారు. వాళ్ళలో దాదాపు మూడో వంతు పిల్లలు బాగా కష్టమైన ఇళ్ళల్లో పుట్టారు. పేదరికం, తాగుడు, ఇంట్లో గొడవలు, తల్లికో తండ్రికో మానసిక జబ్బు. ఆ పిల్లల్లో మళ్ళీ మూడో వంతు చక్కగా ఎదిగారు. చదువుకున్నారు, పనిచేసుకున్నారు, మనుషులతో బాగున్నారు. వాళ్ళకేముంది, మిగతావాళ్ళకేం లేదు అని వెతికితే ముఖ్యంగా కనిపించినది, వాళ్ళని పట్టించుకునే ఒక పెద్దమనిషి. అమ్మానాన్నే కానక్కర్లేదు. అమ్మమ్మో, పెద్దమ్మో, అక్కో, ఒక టీచరో, పక్కింటావిడో.

చాలామంది ఈ కథని ఇక్కడితో ఆపేస్తారు. నిన్ను వినమనేది దీని తర్వాతది. ఆ మిగతా రెండొంతులమంది, పదేళ్ళకో పద్దెనిమిదేళ్ళకో దారితప్పినట్టు కనిపించినవాళ్ళు, పోలీసు రికార్డులకెక్కిన కుర్రాళ్ళు కూడా, ముప్ఫైలు నలభైలు వచ్చేసరికి చాలావరకు తేరుకున్నారు. రెండో అవకాశం దొరికింది వాళ్ళకి. ఒకరికి పెద్దయ్యాక చేరగలిగిన కాలేజీ, ఒకరికి సైన్యంలో ఉద్యోగం, ఒకరికి మంచి పెళ్ళి, ఒకరికి గుళ్ళో కలిసిన నలుగురు. మీ తమ్ముడికి 25. ఆ దీవి లెక్కలో వాడి కథ ఇంకా సగం కూడా కాలేదు.

అందుకే 25,000 పెట్టి ఆ కోర్సులో చేర్పించవద్దు. ఆ నిర్వాహకులు మోసగాళ్ళని నేననడం లేదు. కానీ అక్కడ చెప్పేది, లోపం నీ ఆలోచనలో ఉంది, అది మార్చుకో అనే కదా. వాడు ఇప్పటికే లోపమంతా తనదేనని నమ్మి మంచం పట్టాడు. హాల్లో రెండొందల మంది చప్పట్ల మధ్య ఆ మాటే మళ్ళీ విని ఇంటికొచ్చి, మూడో రోజు మళ్ళీ పడుకుంటే, 'ఇంత ఖర్చుపెట్టినా నేను మారలేదు' అన్న నింద కూడా మోస్తాడు.

ముందు డాక్టరు. నాలుగేళ్ళుగా మంచం దిగకపోవడం, మాటలు తగ్గిపోవడం, తను భారమని అనుకోవడం, ఇవన్నీ డిప్రెషన్ లక్షణాల్లా ఉన్నాయి. ఉందో లేదో తేల్చాల్సింది డాక్టరే. అది జబ్బు, మందుంది. జిల్లా ప్రభుత్వ ఆసుపత్రిలో మానసిక వైద్యుల్ని కలవండి, చూడటానికీ మందులకీ డబ్బు తీసుకోరు. 2017లో వచ్చిన మానసిక ఆరోగ్య చట్టం ప్రకారం ప్రభుత్వ వైద్యం పొందడం వాడి హక్కు. ఎవరి దగ్గరా చెయ్యి చాచినట్టు కాదు. తీసుకెళ్ళేది నాన్న కాకుండా ఉంటే మేలు, ఇప్పుడు వాళ్ళిద్దరి మధ్యా మాట సరిగా లేదు. మీ ఆయనని అడుగు. బావతో బైకు మీద వెళ్ళడానికి ఒప్పుకున్నంత తేలిగ్గా అక్కతోనూ అమ్మతోనూ ఆసుపత్రికి రాని కుర్రాళ్ళని చాలామందిని చూశాను. మందులు వేసుకున్నాక గుణం కనిపించడానికి కొన్ని వారాలు పడుతుంది, మధ్యలో ఆపొద్దని ముందే చెప్పు.

తర్వాత అప్పు. దీన్ని మనసు విషయం కాదని పక్కన పెట్టకు. నీ లెక్క నేను వేశాను. ఐదు లక్షలకి రెండు రూపాయల చొప్పున నెలకు 10,000, లక్షకి మూడు రూపాయల చొప్పున 3,000. మొత్తం 13,000 వడ్డీ. నువ్వు పంపేది 12,000. మూడున్నరేళ్ళలో ఐదు లక్షల పైనే పంపావు, అసలులో రూపాయి తగ్గలేదు. నువ్వు ప్రతి నెలా పంపే డబ్బు మీ ఇంట్లో ఎవరికీ కనిపించకుండా పోతోంది. పొలం ఉన్న రైతుకి బ్యాంకులో మూడు లక్షల దాకా పంట రుణం 7 శాతానికి దొరుకుతుంది, సకాలంలో కడితే 4 శాతమే పడుతుంది. మీ నాన్న కడుతున్నది 24, 36 శాతం. ఇద్దరూ పండించేది అదే మిర్చి. ఆంధ్రప్రదేశ్‌లో కౌలు రైతులకి పంట సాగుదారు హక్కు పత్రం ఇవ్వాలని 2019లో చట్టం చేశారు, పదకొండు నెలలకి చెల్లుతుంది. కానీ దానికి భూ యజమాని సంతకం కావాలన్నారు. సంతకం పెడితే పొలం ఎక్కడ పోతుందోనని యజమానులు జంకుతారు, కౌలుదారు గట్టిగా అడిగితే వచ్చే ఏడు ఆ పొలమే ఇవ్వరు. ఇది మీ నాన్న చేతకానితనం కాదు, నీ పట్టుదలతో తీరేదీ కాదు. ఈ కోపం మాత్రం నాకు ఎప్పటికీ చల్లారదు. పేదవాళ్ళకి ధైర్యం నూరిపోసే మాటలకి కొదవ లేదు, ఒక్క సంతకానికి ఉంది.

ఇప్పుడు మీ చేతిలో ఉన్నది చూద్దాం. మూడు రూపాయల వడ్డీ లక్ష ముందు తీర్చాలి. ఆ కోర్సు కోసం దాచిన 25,000 నేరుగా అందులో అసలు కింద కట్టు. అమ్మ డ్వాక్రా సంఘంలో ఉండే ఉంటుంది. బ్యాంకు లింకేజీ రుణం గానీ స్త్రీనిధి గానీ ఎంతొస్తుందో అడిగించు. బయటి వడ్డీ కంటే అక్కడ బాగా తక్కువ. ఎంత వస్తే అంత ఆ లక్షలోకి మళ్ళించండి. కట్టిన ప్రతిసారీ నోటు వెనక చెల్లు రాయించి ఫోన్లో ఫొటో తీసుకోండి, తీరిపోయిన రోజు నోటు వెనక్కి తీసుకోకుండా ఇంటికి రావద్దు. ఇంటికొచ్చి గొడవ చేసేవాళ్ళుంటే జిల్లా న్యాయ సేవాధికార సంస్థ ఉంది, ఆడవాళ్ళకి ఆదాయంతో సంబంధం లేకుండా ఉచితంగా లాయర్ని పెడతారు, 15100కి ఫోన్ చేసినా దారి చెబుతారు. ఇంకో చిన్న పని కూడా చెయ్యి. నీ లెక్కంతా ఒక కాగితం మీద పెద్ద అక్షరాలతో రాసి, ఇంట్లో అందరూ కూర్చున్నప్పుడు చదువు. అప్పు ఎంతో సరిగ్గా తెలియని ఇంట్లో అందరూ తమ వల్లే అనుకుంటూ ఉంటారు. మీ తమ్ముడు ఆరు లక్షలూ తన మిర్చివే అనుకుంటున్నాడేమో. వాడి పంట కంటే ముందటి బాకీ అందులో ఎంతుందో నాన్న నోటితోనే చెప్పించు.

నీ బీపీ సంగతికి వస్తాను. తమ్ముడు మంచం పట్టడం ఎంత దిగులుగా ఉందో, నాకు ఇదీ అంతే దిగులుగా ఉంది. అమెరికాలో నార్త్ కరోలినాలో జాన్ హెన్రీ మార్టిన్ అని ఒక నల్లజాతి రైతు ఉండేవాడు, 1907లో పుట్టాడు. కుటుంబమంతా పాలికి పొలం చేసేవాళ్ళు, పండిన దాంట్లో సగం భూస్వామికి. రెండో తరగతి మించి చదవలేదు. రాత్రనక పగలనక పనిచేసి 75 ఎకరాలు కొన్నాడు, దానికి తీసుకున్న అప్పు 40 ఏళ్ళలో తీర్చాల్సింది ఐదేళ్ళలో తీర్చేశాడు. వింటే ఎంత గొప్పగా ఉంటుంది! ఆయన యాభైల చివరికి వచ్చేసరికి బీపీ, కీళ్ళనొప్పులు, కడుపులో పుండు ముదిరి 40 శాతం కడుపు కోసి తీసేశారు. షెర్మన్ జేమ్స్ అనే పరిశోధకుడు ఆయనతో కూర్చుని ఆ కథ విన్నాక, ఆ ప్రాంతంలో బీపీ మీద పరిశోధన చేసి 1983లో ప్రచురించారు. ఆధారం తక్కువగా ఉండి కూడా ఎంత కష్టమైనా నేనే నెగ్గుకొస్తానని పళ్ళబిగువున నడిచేవాళ్ళలో బీపీ ఎక్కువగా కనిపించింది. చదువూ డబ్బూ అండ ఉన్నవాళ్ళకి అదే పట్టుదల అంత చేటు చేయలేదు.

నువ్వు ఆయన లాంటిదానివే. 'నేను నిలబడ్డాను' అని రాశావు, ఆ నిలబడటానికి నీ ఒళ్ళు ఎంత కడుతోందో మాత్రం రాయలేదు. బీపీ మాత్ర వేసుకో, ఉప్పు తగ్గించు, అవి డాక్టరు చెబుతారు. నేను చెప్పేది, నెలకు ఎంత పంపగలవో మీ ఆయనతో కూర్చుని ఒక అంకె తేల్చుకో, అది 8,000 అయినా సరే. తక్కువ వడ్డీకి మళ్ళిస్తే ఆ 8,000తోనే ఇప్పటికంటే ఎక్కువ పని జరగొచ్చు. ఇకపై చుట్టాలు నిన్ను పొగిడి వాణ్ణి తీసిపారేస్తే, 'నాకు హాస్టలు దొరికింది, వాడికి దొరకలేదు' అని ఒక్క ముక్క చెప్పు. వాడి చెవిన పడేలా చెప్పగలిగితే ఇంకా మంచిది.

నీ ఫోన్ల గురించి కూడా. నువ్వు చేసే ఫోన్లన్నీ 'లేచావా, తిన్నావా, ఏమైనా పని చూశావా' అనే ఉంటాయని ఊహిస్తున్నాను. అప్పు ఇచ్చినాయన అడిగేదీ ఇంచుమించు అదే కదా వాడికి. వారంలో ఒక ఫోన్ పని మాట ఎత్తకుండా చెయ్యి. గురుకులంలో నీ కథ చెప్పు, సెలవుల్లో వచ్చినప్పుడు వాడు నీ ట్రంకు పెట్టె మోసుకొచ్చేవాడేమో, అది గుర్తుచెయ్యి. పనికొస్తాడా లేదా అని చూడకుండా వాడితో మాట్లాడే మనిషి ఇప్పుడు వాడికి ఎవరూ లేరు. కవాయి పిల్లలకి దొరికిన ఆ ఒక్కరివి నువ్వు కావచ్చు. మీకు మేనమామ ఉంటే ఆయన కావచ్చు.

ఇక స్టార్టర్ల సంగతి. పడుకుని లేవనివాడు ఎవరైనా పిలిస్తే మాత్రం లేచి పొలం దాకా వెళ్ళి మోటారు బాగుచేస్తున్నాడు. నీ ఉత్తరంలో నాకు కళ్ళు చెమర్చిన చోటు అది. డబ్బులెందుకు తీసుకోడో నాకర్థమైంది అనుకుంటాను. ఊళ్ళో అందరికీ బాకీ ఉన్నవాళ్ళ అబ్బాయి, ఎవరి దగ్గర రూపాయి తీసుకున్నా ఆ చెయ్యి వణుకుతుంది. ఆ మొహమాటం వాడు తెంచుకోలేడు, ఇంకొకరు తెంచాలి. ఆ ఊళ్ళో మోటార్లు చూసే మెకానిక్కో, దగ్గర టౌనులో మోటారు వైండింగ్ షాపో ఉంటుంది. మీ ఆయన వెళ్ళి మాట్లాడి, వారానికి రెండు రోజులు వాణ్ణి పక్కన కూర్చోబెట్టుకోమని అడగొచ్చు. జీతం అడగవద్దు ఇప్పుడే. షాపులో అయితే డబ్బు యజమాని తీసుకుంటాడు, వాడు చెయ్యి చాచక్కర్లేదు. వైద్యం మొదలై నాలుగైదు వారాలయ్యాక ఈ ప్రయత్నం చెయ్యి, అంతకు ముందు తొందరపెడితే అదీ ఇంకో పరీక్ష అవుతుంది.

అది కుదిరేలోపు, డాక్టరు సరేనంటే, వాణ్ణి పది రోజులు హైదరాబాద్ తీసుకురా. ఒంటరిగా బస్సెక్కించకు, మీ ఆయన వెళ్ళి తీసుకొస్తాడు. ఉద్యోగం చూపించడానికి అని చెప్పొద్దు. ఊరికే రమ్మను. తెల్లవారుజామున అరుగు మీద చప్పుడు లేని ఇంట్లో పది రాత్రులు పడుకోనీ. పొద్దెక్కేదాకా పడుకున్నా లేపొద్దు. మొదటి నాలుగైదు రోజులు ఎక్కువ నిద్రపోతాడు, నువ్వు కంగారుపడకు. ఆ తర్వాత ఎలా ఉన్నాడో, అన్నం ఎలా తింటున్నాడో నాకు ఉత్తరం రాయి.